డిస్మిస్ ఆర్డరు మీద హైకోర్టుకి వెళ్తే ఏమవుతుంది: నా అనుభవం

ఒంగోల్లో తెలిసినవాళ్ళు ఎదురుపడితే నన్ను అడిగేది ఒక్కటే. హైకోర్టులో గెలిచావంట గదా, అంటే నువ్వు డబ్బు తినలేదని జడ్జిగారు తేల్చేసినట్టే గదా? కాదండీ. హైకోర్టు ఆ ప్రశ్న జోలికే పోలేదు. నేను తిన్నానా లేదా అన్నది వాళ్ళు చూడరు, తిన్నానని మా ఆఫీసు ఎట్టా తేల్చిందో చూస్తారు. ఈ ముక్క ముందే తెలిసి ఉంటే నాకు చాలా రాత్రులు నిద్ర పట్టేది. అందుకే రాస్తున్నాను, డిపార్టుమెంటు ఎంక్వైరీలో ఇరుక్కున్నవాళ్ళు ఎవరైనా ఉంటే పనికొస్తుందని.

నేను పంచాయతీ కార్యదర్శిని. ఊరి పేరు, మండలం పేరు, ఆఫీసర్ల పేర్లు రాయను, అందరూ ఇంకా సర్వీసులోనే ఉన్నారు, నేనూ ఉన్నాను. ఒంగోలు నుంచి రోజూ బండి మీద వెళ్ళొచ్చేంత దూరంలో ఉండేది మా పంచాయతీ. గొడవంతా ఇంటిపన్ను డబ్బు మీద. ఊళ్ళో పన్ను వసూలు చేసి రసీదులు ఇచ్చారు గానీ ఆ డబ్బు సబ్ ట్రెజరీలో చలానా కట్టలేదని, మొత్తం లక్షా ఎనభై వేల చిల్లర తేడా ఉందని ఆడిట్‌లో రాశారు. వసూలుకి తిరిగేది బిల్ కలెక్టరు, క్యాష్ బుక్ నా దగ్గర. ఆ రసీదుల్లో చాలావరకు ఒక పుస్తకంలోవి, ఆ పుస్తకం నేను ఎప్పుడూ కళ్ళతో చూడలేదు. ఇదీ నా వాదన. మొదట సస్పెన్షన్, తర్వాత చార్జి మెమో.

చార్జి మెమో అంటే ఒక కాగితం కాదు, ఒక కట్ట. మన రాష్ట్ర ఉద్యోగులకి 1991 సీసీఏ రూల్స్ (ఉద్యోగుల క్రమశిక్షణ, శిక్షలు, అప్పీళ్ళ రూల్స్) ఉన్నాయి, అందులో పెద్ద శిక్షలకి రూల్ 20 ప్రకారం ఎంక్వైరీ జరగాలి. చార్జీలు, వాటి వివరణ, ఏ డాక్యుమెంట్ల మీద ఆధారపడుతున్నారో ఆ లిస్టు, సాక్షుల లిస్టు, ఇవన్నీ అనుబంధాలుగా ఇవ్వాలి. నాకు ఇచ్చిన సాక్షుల లిస్టులో బిల్ కలెక్టరు, ఆడిట్‌కి వచ్చినాయన, ఊళ్ళోవాళ్ళు ఇద్దరు ఉన్నారు. డాక్యుమెంట్ల లిస్టులో ఆడిట్ నోటు, రసీదుల కౌంటర్ ఫాయిళ్ళు ఉన్నాయి. లేనిదల్లా ఒక్కటే, రసీదు పుస్తకాలు ఎవరికి ఎప్పుడు ఇచ్చారో రాసుకునే రిజిస్టరు. పుస్తకం తీసుకున్నవాళ్ళు అందులో సంతకం పెట్టాలి. నా సంతకం అందులో లేదని నాకు తెలుసు.

ఎంక్వైరీలో లాయర్ని పెట్టుకోనివ్వరు మామూలుగా. డిపార్టుమెంటు తరఫున లాయరు నిలబడితే తప్ప. ఇంకో ఉద్యోగినో, రిటైరైన ఉద్యోగినో సాయంగా తెచ్చుకోవచ్చు. మా నాన్నకి తెలిసిన ఒక రిటైర్డ్ సూపరింటెండెంటు గారు లాయర్‌పేటలో ఉండేవారు, ఆయన్ని పట్టుకున్నాను. చార్జి మెమో అంతా చదివి ఆయన చెప్పిన మొదటి మాట: "అబ్బాయ్, నువ్వు నోటితో చెప్పేదేదీ చెప్పనట్టే లెక్క. ఆ రిజిస్టరు కావాలని రాసివ్వు, ఇన్‌వర్డ్‌లో ఇచ్చి రెండో కాపీ మీద సీలూ తేదీ వేయించుకో." నాకప్పుడు ఇది చాదస్తంగా అనిపించింది, తెలిసిన ఆఫీసే, రోజూ టీ తాగే మనుషులే, వాళ్ళ దగ్గర సీలు వేయించుకోవడం ఏంటి అని. అయినా పెద్దాయన మాట కాదనలేక వేయించుకున్నాను. జవాబు రాలేదు. మళ్ళీ రాసిచ్చాను, మళ్ళీ సీలు.

ఎంక్వైరీ జరిగిన తీరు చెప్పాలి, ఎందుకంటే కేసంతా దీనిమీదే నిలబడింది. మండలంలో మీటింగ్ హాల్లో ఒక టేబుల్, దాని వెనక ఎంక్వైరీ ఆఫీసరు గారు, పక్కన ఆయన క్లర్కు. డిపార్టుమెంటు తరఫున కేసు నడిపే ప్రెజెంటింగ్ ఆఫీసరంటూ ఎవరూ లేరు. సాక్షులు ఎవరూ రాలేదు. బిల్ కలెక్టరు బయట వరండాలో ఉన్నాడు, నేను లోపలికి వెళ్తుంటే తల తిప్పుకున్నాడు, కానీ వాణ్ణి లోపలికి పిలవలేదు. ఎంక్వైరీ ఆఫీసరే నన్ను అడగడం మొదలుపెట్టారు. డబ్బు ఏం చేశావు? ఇల్లు కట్టావంట గదా? నెలకి ఎంత ఈఎంఐ కడుతున్నావు? అంతా నేను దొంగనని తేలిపోయాక అడిగే ప్రశ్నలు. సాక్షుల్ని పిలవండి సార్, నేను అడగాల్సినవి ఉన్నాయి అంటే, వాళ్ళ స్టేట్‌మెంట్లు ఫైల్లో ఉన్నాయిలే, చూశాను అన్నారు. ఆ స్టేట్‌మెంట్లు నా వెనకాల ఎప్పుడో తీసుకున్నవి.

చివర్లో ఆ రోజు జరిగిందంతా క్లర్కు రాసి సంతకం పెట్టమన్నాడు. పెద్దాయన నా మోచెయ్యి పట్టుకుని ఆపి, సంతకం పైన ఒక లైను రాయించారు. "సాక్షులను విచారించలేదు, నేను కోరిన రసీదు పుస్తకాల రిజిస్టరు చూపలేదు." నీలం ఇంకుతో, ఇరుకుగా, ఎడమ మార్జిన్ లోకి పోయేట్టు రాశాను, ఖాళీ అంతే ఉంది మరి. ఎంక్వైరీ ఆఫీసరు గారి మొహం మాడిపోయింది గానీ చించలేరుగా, మిగతా పేజీ అంతా వాళ్ళదే.

తర్వాత కొన్ని నెలలు ఏ కబురూ లేదు. ఒక సాయంత్రం ఆఫీస్ సబార్డినేట్ ఇంటికొచ్చి కవరు ఇచ్చి సంతకం తీసుకుపోయాడు. సర్వీసు నుంచి డిస్మిస్. రిమూవల్ అయినా కాస్త నయం, ముందు ముందు ఇంకో ప్రభుత్వ ఉద్యోగానికి దారి మూసుకుపోదు, డిస్మిస్ అంటే మామూలుగా అదీ పోతుంది. చేసిన సర్వీసంతా గంగలో కలిసినట్టే. ఎంక్వైరీ రిపోర్టు ఆ ఆర్డరుకే పిన్ను చేసి పంపారు, పెళ్ళయిపోయాక శుభలేఖ పంపినట్టు. మా ఆవిడ ఆ కాగితాలు తీసుకుని బీరువాలో పెట్టి తాళం వేసింది, ఆ రాత్రి నన్ను చదవనివ్వలేదు.

ఈ రిపోర్టు సంగతి తర్వాత లాయరు గారు విడమరిచి చెప్పారు. రాజ్యాంగంలో 311 అధికరణం ప్రకారం ఉద్యోగిని తీసెయ్యాలంటే చార్జీలు చెప్పి, తన మాట చెప్పుకునే అవకాశం సరిగ్గా ఇచ్చి ఎంక్వైరీ చెయ్యాలి. ఇంతకుముందు రెండు అవకాశాలు ఉండేవి, నేరం మీద ఒకటి, శిక్ష మీద ఇంకొకటి. 1976లో 42వ సవరణతో రెండోది తీసేశారు. అయితే ఎంక్వైరీ రిపోర్టు ముందే చేతికిచ్చి, దాని మీద ఉద్యోగి ఏమంటాడో విన్నాకే నిర్ణయం తీసుకోవాలని సుప్రీంకోర్టు 1990లో రంజాన్ ఖాన్ కేసులో చెప్పింది. హైదరాబాద్ ఈసీఐఎల్ ఉద్యోగి కరుణాకర్ కేసులో 1993లో రాజ్యాంగ ధర్మాసనం దాన్ని ఖాయం చేసింది. కానీ అందులోనే ఒక మెలిక ఉంది. రిపోర్టు ఇవ్వలేదన్నంత మాత్రాన ఆర్డరు ఎగిరిపోదు, ఇవ్వకపోవడం వల్ల నీకు నష్టం ఏం జరిగిందో చూపించాలి. నిజంగా నష్టం జరిగిందని కోర్టు నమ్మినా, ఉద్యోగిని పూర్తిగా వదిలెయ్యరు. ఎక్కడ తప్పు జరిగిందో అక్కడి నుంచి మళ్ళీ మొదలుపెట్టుకోమంటారు. ఈ రెండో సగం అప్పుడు నాకు చెవికెక్కలేదు.

ముందు డిపార్టుమెంటులోనే పై అధికారికి అప్పీలు వేశాను. అది చెయ్యకుండా నేరుగా కోర్టుకి పోతే అక్కడికి వెళ్ళారా అని ముందు అడుగుతారు. అప్పీలు పేజీలకు పేజీలు రాశాం పెద్దాయనా నేనూ కూర్చుని. జవాబు మాత్రం ఒక్క వాక్యం, రికార్డు పరిశీలించడమైనది, జోక్యం చేసుకోవలసిన కారణాలు కనిపించలేదు. నేను ఎత్తిన ఒక్క పాయింటు గురించి కూడా ముక్క లేదు.

ఇదివరకు మన రాష్ట్ర ఉద్యోగులు సర్వీసు కేసులకి హైదరాబాద్‌లో అడ్మినిస్ట్రేటివ్ ట్రైబ్యునల్‌కి వెళ్ళేవాళ్ళు. అది 2020లో రద్దయింది. ఇప్పుడు రాజ్యాంగం 226 అధికరణం కింద అమరావతి నేలపాడులోని హైకోర్టులోనే రిట్, అంటే ప్రభుత్వ ఆర్డరుని సవాలు చేసే పిటిషన్, వెయ్యాలి. ఒంగోల్లో మాకు తెలిసిన లాయరన్న హైకోర్టులో సర్వీసు కేసులు చూసే ఒకాయన దగ్గరికి పంపించాడు.

ఆ లాయరు గారి ముందు కూర్చుని నా గోడు మొదలుపెట్టాను. ఇన్నేళ్ళ సర్వీసులో ఒక్క మెమో లేదు సార్, ఇల్లు మా మామగారిచ్చిన స్థలంలో కట్టింది సార్, బిల్ కలెక్టరు ఎవరి మనిషో ఊరంతా తెలుసు సార్... ఆయన చెయ్యెత్తి ఆపారు. "అవన్నీ పక్కన పెట్టండి. రిపోర్టు ఎప్పుడిచ్చారు? సాక్షుల్ని క్రాస్ చెయ్యనిచ్చారా? మీరు రాతపూర్వకంగా అడిగి, వాళ్ళు ఇవ్వని డాక్యుమెంటు ఏదైనా ఉందా?" ఇవే మూడు. డబ్బు ఊసే లేదు. నాకు ఒళ్ళు మండింది, నేను నిజాయితీపరుణ్ణని మా లాయరే పట్టించుకోకపోతే ఎట్టా అని.

అప్పుడు ఆయన 1963 నాటి ఒక కేసు గురించి చెప్పారు. మన రాష్ట్రానిదే, ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వానికీ శ్రీరామారావు అనే సబ్ ఇన్‌స్పెక్టరుకీ మధ్య నడిచింది. డిపార్టుమెంటు ఎంక్వైరీ మీద హైకోర్టు అప్పీలు కోర్టు కాదు, కొంత సాక్ష్యం ఉండి, పద్ధతి ప్రకారం ఎంక్వైరీ జరిగితే ఆ సాక్ష్యం సరిపోతుందా లేదా అని హైకోర్టు మళ్ళీ తూకం వెయ్యదని సుప్రీంకోర్టు అప్పుడే చెప్పేసింది. 1995లో బీసీ చతుర్వేది కేసులోనూ అదే మాట, నిర్ణయాన్ని కాదు, నిర్ణయం తీసుకున్న తీరుని చూస్తాం అని. శిక్ష ఎక్కువైందన్నా కోర్టు అంత తేలిగ్గా తగ్గించదు, మనస్సాక్షికి దెబ్బ తగిలేంత ఎక్కువైతేనే. పైగా క్రిమినల్ కేసులోలాగా సందేహానికి తావులేకుండా రుజువు చెయ్యక్కర్లేదు, జరిగి ఉండే అవకాశమే ఎక్కువ అని తేలితే చాలు. "మీరు దేవుడైనా సరే, ఎంక్వైరీ సరిగ్గా జరిగి ఉంటే నేనేం చెయ్యలేను. అది సరిగ్గా జరగలేదు, అదే మీ అదృష్టం" అన్నారు. సీలు వేయించిన ఆ రెండు కాగితాలూ, నీలం ఇంకు లైనూ చూసినప్పుడు మాత్రం ఆయన మొహం వెలిగింది.

కేసు వెయ్యడంలో ఎవరూ చెప్పని పని ఒకటుంది, అనువాదం. హైకోర్టులో అంతా ఇంగ్లీషు. మన ఊరివాళ్ళ స్టేట్‌మెంట్లు, నా జవాబు, మార్జిన్లో గీకిన లైను, అన్నిటికీ ఇంగ్లీషు కాపీలు కావాలి. చర్చి సెంటర్ దగ్గర జిరాక్స్ షాపులో గంటలు గంటలు గడిపాను. కౌంటర్ ఫాయిళ్ళ జిరాక్సులు వెలిసిపోయి నంబర్లు కనపడక మళ్ళీ స్కాన్ చేయించాల్సి వచ్చింది. పేజీ నంబర్లు ఒకచోట తప్పినా రిజిస్ట్రీలో అబ్జెక్షన్ వేసి వెనక్కిస్తారు.

రిట్ నంబరయ్యాక మొదటిరోజే ఆర్డరు ఆపుతారేమోనని ఆశపడ్డాను. ఆపలేదు. డిస్మిస్ ఆర్డరుని ముందే ఆపితే కేసు ముందే గెలిపించినట్టవుతుంది కాబట్టి మామూలుగా ఆపరట. నోటీసిచ్చారు, ఇక అక్కడి నుంచి వాయిదాలే. రాత్రి ఫోన్లో కాజ్ లిస్టు (మర్నాడు విచారణకొచ్చే కేసుల జాబితా) చూసుకోవడం, మన ఐటమ్ ఎక్కడో అడుగున ఉంటే ఉసూరుమనడం, పైన ఉంటే తెల్లారకముందే బస్సెక్కి మంగళగిరిలో దిగి ఆటోలో నేలపాడు పోవడం, ప్రభుత్వ ప్లీడరు కౌంటరుకి, అంటే వాళ్ళ జవాబు వెయ్యడానికి, టైం కావాలనడం, మళ్ళీ బస్సు. మీరు రానక్కర్లేదు అని లాయరు గారు చెప్తూనే ఉండేవారు, నాకే ఇంట్లో కాలు నిలిచేది కాదు.

తిండికి చీమకుర్తిలో ఒక గ్రానైట్ ఫ్యాక్టరీలో లెక్కలు రాసే పనికి కుదిరాను. సస్పెన్షన్‌లో ఉన్నప్పుడైతే బతుకుదెరువు భత్యం వస్తుంది, డిస్మిస్ అయ్యాక పైసా రాదు. ఈ ఫ్యాక్టరీ పని తర్వాత ఎంత మెలిక పెట్టిందో చెప్తాను.

ఆఖరి వాదన రోజు ప్రభుత్వ ప్లీడరు లేచి మా లాయరు చెప్పినట్టే 1963 కేసు, 1995 కేసు వరసగా చదివారు. నాకు గుండెల్లో రాయి పడింది. మా లాయరు గారు 2008లో సుప్రీంకోర్టు రూప్ సింగ్ నేగి కేసులో ఇచ్చిన తీర్పు తీశారు, కాగితం ఫైల్లో ఉంటే సాక్ష్యం అయిపోదు, దాన్ని ఎవరో ఒకరు వచ్చి రుజువు చెయ్యాలి అని. ఎంక్వైరీ ఆఫీసరే డిపార్టుమెంటు తరఫు మనిషిలా నడుచుకోకూడదని 2010లో వచ్చిన సరోజ్ కుమార్ సిన్హా తీర్పూ చదివారు. జడ్జిగారు ఎక్కువ మాట్లాడలేదు. ఒరిజినల్ రికార్డు తెప్పించారా అని అడిగారు. తెచ్చారు, ఎర్ర టేపు కట్టిన ఫైలు. సాక్షుల్ని విచారించిన వాంగ్మూలం ఏ పేజీలో ఉంది అని అడిగారు. ప్లీడరు గారు తిప్పారు, వెనకాల నిలబడ్డ మా ఆఫీసు క్లర్కు చేతికిచ్చారు, అతనూ తిప్పాడు. వాళ్ళు తిప్పుతున్నంతసేపూ కోర్టులో పేజీల చప్పుడే. చివరికి మా నీలం ఇంకు పేజీ దగ్గర ఆగింది. దాని అనువాదం జడ్జిగారే పైకి చదివి, ఇది కాదంటారా అని అడిగారు. కాదని ఎట్టా అంటారు, వాళ్ళ రికార్డే. ఇన్నేళ్ళు ఎదురుచూసిన వాదన అరగంట కూడా పట్టలేదు. ఆర్డరు అక్కడే చెప్పి రాయించారు, ఇంగ్లీషు వేగంలో సగం నాకు అందలేదు. బయటికి వచ్చాక లాయరు గారి గుమాస్తా చెయ్యి కలిపితే గెలిచామని అర్థమైంది.

కాపీ చేతికొచ్చాక అసలు సంగతి తెలిసింది. డిస్మిస్ ఆర్డరూ అప్పీలు ఆర్డరూ రద్దు. వేరే ఎంక్వైరీ ఆఫీసరుతో, సాక్ష్యం తీసుకునే దశ నుంచి మళ్ళీ మొదలుపెట్టాలి, నేను అడిగిన రిజిస్టరు ఇవ్వాలి, నాలుగు నెలల్లో ముగించాలి. అప్పటిదాకా నేను సస్పెన్షన్‌లో ఉన్నట్టు లెక్క. నేను తప్పు చేశానా లేదా అన్నదాని మీద మేమేమీ చెప్పడం లేదు అని ఒక లైను. ఇంట్లో స్వీట్లు పంచారు, నాకు ఆ లైను గొంతులో పడ్డది. లాయరు గారైతే, డిస్మిస్ పోయింది, ఇంకేం కావాలి, ఉద్యోగం మీ చేతుల్లోనే ఉంది అన్నారు. ఆయన లెక్కలో ఆయన కరెక్టే.

ఆర్డరు ఇచ్చినా మా ఆఫీసు కదల్లేదు. గడువు దగ్గర పడ్డాక కోర్టు ధిక్కారం కేసు వేస్తామని లాయరు నోటీసు వెళ్తే అప్పుడు వారం తిరక్కుండా కొత్త ఎంక్వైరీ ఆఫీసర్ని వేశారు.

కోర్టు ఇలా రద్దు చేసి మళ్ళీ ఎంక్వైరీ చెయ్యమంటే, మొదటి డిస్మిస్ తేదీ నుంచే సస్పెన్షన్ కింద లెక్క. కాబట్టి ఆ కాలమంతటికీ భత్యం రావాలి. కానీ భత్యం కావాలంటే వేరే ఉద్యోగం, వ్యాపారం చెయ్యలేదని సర్టిఫికెట్ ఇవ్వాలి. నేను గ్రానైట్ ఫ్యాక్టరీలో చేశానుగా. ఎవరికి తెలుస్తుందిలే, చెయ్యలేదని రాసిచ్చెయ్ అన్నవాళ్ళే ఎక్కువ. లాయరు గారు వద్దంటే వద్దన్నారు, ఒక్క అబద్ధపు సర్టిఫికెట్ దొరికితే దాని మీద కొత్త చార్జి మెమో వస్తుంది, అది మాత్రం పక్కాగా రుజువవుతుంది అని. ఉన్నది ఉన్నట్టు రాసిచ్చాను. పని చేసిన నెలలకి భత్యం ఆపేసి మిగతావి ఇచ్చారు. డిస్మిస్ అయిన మనిషి పని చేసుకోకుండా ఇంట్లో కూర్చుంటేనే డబ్బులొస్తాయన్న ఈ లెక్క నాకు ఇప్పటికీ మింగుడు పడదు.

రెండో ఎంక్వైరీ అచ్చం ఎంక్వైరీలా జరిగింది. రిజిస్టరు బల్లమీదికొచ్చింది. ఆ పుస్తకం ఎదురుగా ఉన్న సంతకం నాది కాదు. బిల్ కలెక్టర్ని ఈసారి లోపలికి పిలిచారు, పెద్దాయన ఒక్కొక్కటే అడుగుతుంటే మొదట గుర్తులేదన్నాడు, తర్వాత నీళ్ళు నమిలాడు, సంతకం చూపిస్తే తనదేనని ఒప్పుకున్నాడు. ఊరివాళ్ళలో ఒకాయన డబ్బు బిల్ కలెక్టరు చేతికిచ్చానని, నన్ను ఎప్పుడూ చూడలేదని చెప్పాడు. ఈసారి రిపోర్టు ముందే ఇచ్చి నా జవాబు అడిగారు. డబ్బు వాడుకున్నానన్న చార్జి రుజువు కాలేదు. క్యాష్ బుక్‌తో రసీదులు ఎప్పటికప్పుడు సరిచూడలేదన్నది మాత్రం రుజువైందన్నారు, ఒక ఇంక్రిమెంటు ఆపారు, తర్వాత ఇంక్రిమెంట్ల మీద ప్రభావం పడకుండా. నిజం చెప్పాలంటే దాని మీదా పోట్లాడాలని ఉండింది, ఇంట్లో దణ్ణం పెట్టారు.

వేరే మండలంలో పోస్టింగ్ ఇచ్చారు, చేరాను. డిస్మిస్ నుంచి మళ్ళీ చేరేదాకా మధ్య కాలాన్ని డ్యూటీగా లెక్కించి పూర్తి జీతం ఇవ్వాలా, భత్యంతోనే సరిపెట్టాలా అన్నది ఇంకా నడుస్తోంది. అర్జీ పెట్టాను. దానికి వాళ్ళు మొన్న అడిగిన కాగితం ఏంటంటే గ్రానైట్ ఫ్యాక్టరీ నుంచి జీతం సర్టిఫికెట్. ఆ ఫ్యాక్టరీ ఓనరేమో జీతం చేతికే ఇచ్చేవాడు, నెలకొక చీటీ కూడా లేదు, ఇప్పుడు లెటర్‌హెడ్ మీద రాసిస్తానని తిప్పుతున్నాడు. అది రాకపోతే మళ్ళీ రిట్ వెయ్యాల్సిందేనని లాయరు గారంటున్నారు.